డీజే కసూర్ ఎంత, మన కసూర్ ఎంత

పోయిన నెల మా ఖాలా మనవరాలి వలీమాకి వెళ్లాం. ఫంక్షన్ హాల్ గేటు దగ్గరే ఒక డీసీఎం వ్యాన్, దాని మీద మనిషి కంటే ఎత్తు స్పీకర్ బాక్సులు. లోపల జనానాలో కూర్చున్నా ఛాతీ మీద ఎవరో ఇటుకతో కొడుతున్నట్టే ఉంది. డెబ్బై దాటిన మా ఖాలా చెవుల్లో దుపట్టా కొస కుక్కుకొని, "యే డీజే తో ఖయామత్ హై బేటీ" అంది. దస్తర్‌ఖాన్ చుట్టూ ఉన్న ఆడవాళ్లందరూ తల ఊపారు. నేనూ ఊపాను.

ఊపిన మరుక్షణం షర్మ్ అనిపించింది. ఎందుకంటే ఇరవై ఏళ్ల కింద మా ఇంట్లోనూ ఒక డీజే ఉండేవాడు. వాడి చప్పుడు పక్కనే పడుకున్న మా అమ్మీకి కూడా వినిపించేది కాదు. రాత్రి పదకొండు దాటాక ట్యూబ్‌లైట్ ఆర్పేసి, కంప్యూటర్ ముందు కూర్చొని, ఒక చెవికి హెడ్‌ఫోన్, ఇంకో చెవి ఖాళీగా వదిలేసి, ఒకే పాటని గంటలకొద్దీ ముందుకీ వెనక్కీ జరుపుతూ ఉండేవాడు. వాడు మా తమ్ముడు.

ఈ పోస్టు వాడి తరఫున నేను చేస్తున్న వకాలత్. కొంత నా మీద నేనే వేసుకున్న ముకద్దమా కూడా. సంగీతం జాయిజా నాజాయిజా అనే బహస్ ఇక్కడ పెట్టడం లేదు, అది ఉలమాల పని. నేను అడిగేది చిన్న విషయం. ఇవాళ మనం డీజే అని తిడుతున్నది ఏ వస్తువుని? ఆ సాఫ్ట్‌వేర్‌ని, దాన్ని నేర్చుకున్న పిల్లాడిని, వ్యాన్ మీది బాక్సుల్ని, వాటిని కిరాయికి తెచ్చిన మన ఇంటి పెద్దని, అందరినీ ఒకే మాటతో కొడుతున్నాం. ఇది ఇన్సాఫ్ కాదు.

అసలు కథ కొంచెం వెనక నుంచి చెప్పాలి. 1973 ఆగస్టు 11న న్యూయార్క్ నగరంలోని బ్రాంక్స్‌లో, సెడ్జ్‌విక్ అవెన్యూలో 1520 నంబర్ బిల్డింగ్ కింది హాల్లో ఒక పార్టీ జరిగింది. ఆ పార్టీ పెట్టింది సిండీ క్యాంప్‌బెల్ అనే అమ్మాయి, బడి తెరిచేలోపు కొత్త బట్టలకి డబ్బులు జమ చేసుకుందామని. పాటలు పెట్టింది ఆమె అన్న, జమైకా నుంచి వచ్చిన కుర్రాడు, దునియా కూల్ హెర్క్ అని పిలిచేవాడు. పాటలో దరువు ఒక్కటే మిగిలే తునక వస్తే జనం ఎగిరి గంతేస్తున్నారని అతడు కనిపెట్టాడు. రెండు రికార్డ్ ప్లేయర్లు పెట్టుకొని ఆ తునకనే ఒకదాని తర్వాత ఒకటి వాయించి సాగదీశాడు. హిప్ హాప్ అక్కడ పుట్టిందంటారు. ఒక చెల్లెలు అన్నకి హాలు ఇప్పించింది. ఈ మాట గుర్తుంచుకోండి, మా ఇంటి సంగతి దగ్గర మళ్లీ పనికొస్తుంది.

అదే బ్రాంక్స్‌లో గ్రాండ్‌మాస్టర్ ఫ్లాష్ అని ఇంకొకడు. ఎలక్ట్రానిక్స్ చదువుకున్నవాడు. దరువు ఎక్కడ మొదలవుతుందో రికార్డు మీదే క్రేయాన్‌తో గీత గీసుకునేవాడు. హాల్లో ఒక రికార్డు మోగుతుంటే రెండోది తన హెడ్‌ఫోన్‌లో మాత్రమే వినపడేలా సొంతంగా ఒక స్విచ్ అమర్చుకున్నాడు. ఇరవై ముప్పై ఏళ్ల తర్వాత కంప్యూటర్ తెర మీదకి ఎక్కినదంతా దాదాపు ఇదే. క్రేయాన్ గీత పేరు క్యూ పాయింట్ అయ్యింది. ఆ స్విచ్ తెర మీద హెడ్‌ఫోన్ బొమ్మ అయ్యింది.

అప్పటి సామాన్లు గరీబు పిల్లలకి అందేవి కావు. జపాన్ వాళ్ల టెక్నిక్స్ ఎస్ఎల్-1200 అనే టర్న్‌టేబుల్ 1972లో వచ్చింది. మోటారు నేరుగా పళ్లేన్ని తిప్పుతుంది, బెల్టు ఉండదు, అందుకే చేత్తో ఆపినా వదలగానే వెంటనే వేగం అందుకుంటుంది. 1979లో వచ్చిన దాని రెండో రకానికి పక్కన ఒక జారుడు మీట పెట్టారు. దాంతో పాట వేగాన్ని నూటికి ఎనిమిది వంతుల దాకా పెంచొచ్చు, తగ్గించొచ్చు. అలాంటివి రెండు, మధ్యలో మిక్సర్, పైన రికార్డులు. మా అబ్బా లాంటి గుమాస్తా ఏడాది తన్‌ఖా పెట్టినా రావు. మన ఊళ్లలో అవి చూసినవాళ్లే లేరు.

తర్వాత ఎంపీత్రీ వచ్చింది. క్యాసెట్ షాపులో ఒక్కో క్యాసెట్టు కొనుక్కునే జమానా నుంచి, ఒక్క సీడీలో నూట యాభై పాటలు ఇమిడే జమానాకి రెండు మూడేళ్లలో వచ్చేశాం. 1997లో విన్‌యాంప్ వచ్చింది. మొదట్లో ఇళ్లలో మిక్సింగ్ అంటే ఏమిటో తెలుసా? విన్‌యాంప్‌ని రెండుసార్లు తెరవడం. ఒక కిటికీలో పాట అయిపోతుంటే దాని వాల్యూమ్ మౌస్‌తో తగ్గిస్తూ, రెండో కిటికీలో పాట నొక్కడం. ఒక్కటే మౌస్, రెండు వాల్యూమ్‌లు. మా తమ్ముడూ అక్కడి నుంచే మొదలుపెట్టాడు.

తొంభైల ఆఖర్లో అమెరికా ఫ్లోరిడా నుంచి పీసీడీజే, జర్మనీ నుంచి బీపీఎం స్టూడియో వచ్చాయి. 2000 ప్రాంతంలో అటామిక్స్ ఎంపీత్రీ, అదే ఏడు బెర్లిన్ వాళ్ల ట్రాక్టర్. మన దున్నే ట్రాక్టర్ పేరే, స్పెల్లింగ్‌లో ఒక్క అక్షరం తేడా. హాలండ్‌లో ఇంకో జట్టు మరీ విచిత్రమైన ఆలోచన చేసింది. పాట లేని రికార్డు, దాని నిండా ఒక సన్నటి కూత. ఆ కూతలో ముల్లు ఇప్పుడు ఎక్కడుందో, ఎంత వేగంగా ఏ వైపు తిరుగుతోందో రాసి ఉంటుంది. దాన్ని కంప్యూటర్ చదివి, తనలోని ఎంపీత్రీని అచ్చం అలాగే కదిలిస్తుంది. అదే ఫైనల్ స్క్రాచ్. రిచీ హాటిన్, జాన్ అక్వావివా లాంటి పేరున్న డీజేలు మొదట్లోనే దాన్ని పట్టుకున్నారు. కానీ దానికీ టర్న్‌టేబుల్ కావాలి, కాబట్టి మనకి కాదు. మన ఇళ్లకి వచ్చింది అటామిక్స్ ఎంపీత్రీ, దాని వెనకే 2003లో అదే కంపెనీ తెచ్చిన వర్చువల్ డీజే.

మా ఇంటికి కంప్యూటర్ నా చదువు కోసం వచ్చింది. సికింద్రాబాద్ సీటీసీలో అసెంబుల్ చేయించి, మానిటర్‌ని ఒళ్లో పెట్టుకొని బస్సులో కాజీపేట దాకా తెచ్చాడు అబ్బా. సెలెరాన్ ప్రాసెసర్, 128 ఎంబీ ర్యామ్, 40 జీబీ హార్డ్‌డిస్క్. నేను పగలు సీ ప్రోగ్రాములు రాసుకునేదాన్ని. రాత్రి తమ్ముడిది. ఎవరో దోస్తు ఇచ్చిన సీడీలోంచి వర్చువల్ డీజే ఎక్కించాడు. ఆ సీడీ అసలుదా నకలుదా అని మీరు అడగక్కర్లేదు, ఆ రోజుల్లో మన ఇళ్లలో విండోస్ కూడా నకలుదే. తప్పు తప్పే. ఒప్పుకుంటున్నాను.

తెర మీద రెండు పళ్లేలు, ఒకటి ఎడమ, ఒకటి కుడి. మధ్యలో మిక్సర్. పైన రెండు రంగుల్లో అలలు, పాటలో దరువు పడిన చోటల్లా అల పైకి లేస్తుంది. నేను మొదటిసారి చూసి ఏదో గేమ్ అనుకున్నాను.

అది గేమ్ కాదని వాడు నాకు ఒక రాత్రి చెప్పాడు. "ఆపా, జరా సునో" అని హెడ్‌ఫోన్ నా చెవికి పెట్టాడు. మా కంప్యూటర్‌లో సౌండ్‌కి ఉన్నది ఒక్కటే దారి. డీజేకి రెండు కావాలి, ఒకటి హాల్లోకి, ఒకటి తన చెవిలోకి. బయట దేశాల్లో దానికి వేరే సౌండ్ కార్డ్ కొనేవాళ్లు. వాడు పది రూపాయల వైరు కోసి రెండుగా చీల్చాడు. ఎడమ తీగ స్పీకర్‌కి, కుడి తీగ హెడ్‌ఫోన్‌కి. స్టీరియో పోయింది, కానీ రెండు దారులు దొరికాయి. సాఫ్ట్‌వేర్‌లోనే ఆ ఏర్పాటు ఉంది, మనలాంటివాళ్లు ఉంటారని తయారుచేసినవాళ్లకి ముందే తెలుసన్నమాట.

ఇప్పుడు హిసాబ్ వినండి. స్పీకర్‌లో ఒక పాట నిమిషానికి 100 దెబ్బలతో పోతోంది. మీరు కలపాల్సిన పాట 102. తేడా రెండే కదా అనిపిస్తుంది. రెండూ ఒకేసారి మొదలుపెట్టండి. పదిహేను సెకన్లలో మొదటిది 25 దెబ్బలు కొడుతుంది, రెండోది ఇరవై అయిదున్నర. అంటే సరిగ్గా సగం దెబ్బ తేడా. ఒక డోలక్ కొట్టే ఖాళీలో ఇంకో డోలక్ పడుతుంది. వినేవాళ్లకి మెట్ల మీంచి గిన్నెలు దొర్లినట్టుంటుంది. అందుకే మీట జరిపి రెండోదాన్ని 100కి దించాలి. దించితే సరిపోదు, మొదటి దెబ్బ మీద మొదటి దెబ్బ పడాలి. పడ్డాక పట్టి ఉంచాలి. ఇదంతా ఒక చెవితో ఒక పాట, ఇంకో చెవితో ఇంకో పాట వింటూ చేయాలి. చేసి చూడండి. నేను చేశాను. రెండు నిమిషాల్లో తల తిరిగి హెడ్‌ఫోన్ తీసేశాను.

ఇంకో చిక్కు ఉంది. పాట వేగం పెంచితే సుర్ కూడా పైకి పోతుంది. నూటికి ఆరు వంతులు పెంచారంటే దాదాపు ఒక స్వరం తేడా, హార్మోనియం మీద పక్క మెట్టు. ఆడగొంతు పిల్ల గొంతు అవుతుంది. సుర్‌ని కదలనివ్వకుండా వేగం మాత్రమే మార్చే బటన్ ఉంది కానీ, అప్పటి కంప్యూటర్లకి ఆ లెక్క బరువు. గొంతు నీళ్లలోంచి వచ్చినట్టు వణికేది. అందుకని వాడు ఆ బటన్ ముట్టేవాడు కాదు. దగ్గర దగ్గర వేగం ఉన్న పాటల్నే పక్కపక్కన పెట్టుకునేవాడు. దానికోసం ఒక లాంగ్ నోట్‌బుక్. చేతి గడియారం చూస్తూ పదిహేను సెకన్లు దెబ్బలు లెక్కపెట్టి, నాలుగుతో హెచ్చవేసి, పాట పేరు పక్కన అంకె రాసేవాడు. ఇంటర్ మ్యాథ్స్ రికార్డు ఎన్నడూ అంత నీటుగా రాయలేదు వాడు.

సాఫ్ట్‌వేర్ అంకె చెప్తుంది కదా, మళ్లీ నోట్‌బుక్ ఎందుకని మీరడగొచ్చు. నా వాదన అంతా ఇక్కడే ఉంది.

ఆ సాఫ్ట్‌వేర్ యూరప్, అమెరికా క్లబ్బుల పాటల కోసం తయారయ్యింది. ఆ పాటల్లో దరువు యంత్రం కొట్టింది. గోడ గడియారంలా నాలుగేసి దెబ్బలు, మొదటి నుంచి ఆఖరిదాకా ఒకటే వేగం. అలాంటి పాట ఇస్తే సాఫ్ట్‌వేర్ ఠక్కున లెక్క చెప్తుంది, సింక్ అనే బటన్ నొక్కితే రెండు పాటల్నీ తనే కలిపేస్తుంది కూడా. మనం ఇచ్చిన పాటలేమిటి? పాత సినిమా పాటలు, ఖవ్వాలీలు, పెళ్లిలో డోలక్ గీతాలు, తీన్‌మార్ దరువులు. అవి బతికున్న మనుషులు ఒక గదిలో కూర్చొని వాయించినవి. గాయకుడు ఊపందుకుంటే డోలక్‌వాడూ అందుకుంటాడు. ఖవ్వాలీ మొదట్లో ఒక వేగం, తాళి జోరందుకున్నాక ఇంకో వేగం. ఇంక తాల్ సంగతి. కెహర్వా ఎనిమిది మాత్రలు కాబట్టి నాలుగుల లెక్కలో ఎలాగో ఇముడుతుంది. దాద్రా ఆరు మాత్రలు. రూపక్ ఏడు. నాలుగు తప్ప తెలియని యంత్రానికి ఏడు ఇస్తే అది ఏం చేస్తుంది? నోటికొచ్చిన అంకె చెప్తుంది. 75 ఉన్న పాటని 150 అంటుంది. సింక్ నొక్కితే కలపడానికి బదులు పాటని చీరేస్తుంది.

యంత్రం ఫెయిల్ అయిన చోట చెవి పని చేయాల్సి వచ్చింది. లండన్‌లో ఎవరో కుర్రాడు బటన్ నొక్కి పడుకొని ఉంటాడు. కాజీపేటలో మా వాడికి ఆ సౌఖ్యం లేదు. ఏ ఉస్తాద్ దగ్గరా కూర్చోని పిల్లాడు, తబలా ముట్టని పిల్లాడు, ఆరు మాత్రలకీ ఏడు మాత్రలకీ తేడా పట్టుకున్నాడు. పేర్లు తెలియవు వాడికి. "ఆపా, ఈ పాట కుంటుతుంది, దాని పక్కన కుంటే పాటే పెట్టాలి" అనేవాడు. ఏడు మాత్రల తాల్ గురించి అంతకంటే సాఫ్‌గా చెప్పిన మాట నేను ఇంతవరకూ వినలేదు.

వాడొక్కడే కాదు. ఆ ఐదారేళ్లలో మన జిల్లాల్లో, మన మొహల్లాల్లో, అసెంబుల్డ్ కంప్యూటర్ల ముందు ఇలాంటి పిల్లలు ఎంతమంది రాత్రుళ్లు జాగారం చేశారో. వర్చువల్ డీజేలో కలపడం, ఎఫ్ఎల్ స్టూడియోలో దరువు కట్టడం, ఈ రెండూ నేర్చుకునే తర్వాతి తరం తీన్‌మార్ రీమిక్సులు పుట్టించింది. బోనాల పాటైనా పెళ్లి పాటైనా ఇవాళ మీరు ఫోన్లో వినే ఆ రీమిక్సుల వెనక అలాంటి పిల్లల మెహనత్ ఉంది. చాలావాటి మీద వాళ్ల పేరు కూడా ఉండదు.

ఇప్పుడు నా గవాహి.

తమ్ముడు ఇంటర్ సెకండియర్‌లో రెండు సబ్జెక్టులు పోగొట్టుకున్నాడు. అబ్బా ఏమీ అరవలేదు, నన్ను పిలిచి అడిగాడు, రాత్రుళ్లు వాడు ఏం చేస్తున్నాడని. నేను చెప్పేశాను. చెప్పడంలో కొంచెం స్వార్థం కూడా ఉంది, నా ప్రాజెక్టుకి హార్డ్‌డిస్క్‌లో జాగా లేదు. అబ్బా అన్న మాట ఒక్కటే: "బాజా బజానేవాలోంకా ఖాన్‌దాన్ నహీ హై అప్నా." కంప్యూటర్ తెలిసింది నాకు ఒక్కదానికే కాబట్టి ఫార్మాట్ కొట్టింది కూడా నేనే. ఆ సాఫ్ట్‌వేర్, రెండేళ్లు పోగేసిన పాటలు, వాడు కలిపి రికార్డ్ చేసుకున్న మిక్సులు, అన్నీ. డయలప్ కనెక్షన్‌లో ఒక్కో పాట దిగడానికి పావుగంట పట్టేది, నెట్ సెంటర్‌లో గంటకి ఇరవై రూపాయలు. ఆ హిసాబ్ నాకు అప్పుడు తట్టలేదు. బ్రాంక్స్‌లో ఆ చెల్లెలు అన్నకి హాలు ఇప్పించింది. ఇక్కడ ఆపా ఏం చేసిందో చూశారుగా.

వాడు గొడవ చేయలేదు. సప్లిమెంటరీ రాశాడు, పాసయ్యాడు, డిగ్రీ మధ్యలో మానేశాడు, ఇప్పుడు మొబైల్ రిపేర్ షాపు. బాగానే బతుకుతున్నాడు. నేను ఏదో జిందగీ పాడైందని ఏడవడం లేదు.

కానీ అబ్బా మాట ఇంకా కుట్టుతూనే ఉంది, ఎందుకంటే అది అబ్బా ఒక్కడి మాట కాదు. మన మొత్తం బిరాదరీ మాట. బాజావాళ్లు అంటే తక్కువ. షాదీకి మర్ఫా కావాలి, మర్ఫా కొట్టేవాడు దస్తర్‌ఖాన్ మీద మన పక్కన వద్దు. హద్రమౌత్ నుంచి నిజాం ఫౌజుల్లోకి వచ్చి బార్కస్‌లో స్థిరపడ్డ అరబ్బుల దరువది, ఆఫ్రికా నుంచి వచ్చిన సిద్దీలది. హైదరాబాద్ షాదీ అంటేనే ఆ దరువు. గొప్పగా చెప్పుకుంటాం. ప్రకాశం జిల్లా కరవదిలో పుట్టిన షేక్ చిన మౌలానా నాదస్వరం వాయించి 1977లో పద్మశ్రీ తెచ్చుకున్నారని మన పిల్లలకి ఫఖ్ర్‌గా చెప్తాం. అదే పిల్లాడు నేనూ వాయిస్తానంటే, చదువు తగలెట్టి బాజా ఏంట్రా అంటాం. ఉస్తాద్‌లు కావాలి మనకి, పక్కింట్లో పుట్టాలి.

డీజే విషయంలో మనం ఇంకా దూరం వెళ్లాం. హునర్‌ని తోసేశాం, చప్పుడు మాత్రం ఉంచుకున్నాం. పెళ్లివారు డీజేవాడితో బేరమాడటం మీరెప్పుడైనా విన్నారా? "ఎన్ని బాక్సులు?" అదొక్కటే సవాల్. "ఏ పాటలు? ఎలా కలుపుతావ్?" అని అడిగినవాళ్లని నేను చూడలేదు. పక్కింటి బారాత్‌లో ఎనిమిది బాక్సులు పెడితే మనవాడికి పది కావాలి. మరి ఆ కుర్రాడు ఏం చేస్తాడు? చెవికి కూలీ ఇచ్చేవాడు లేడు, బాక్సుకి ఇస్తారు. వాడు బాక్సులు కొంటాడు, వాటికి కిస్తులు కడతాడు. పాటలు కలపడం సింక్ బటన్‌కి వదిలేస్తాడు.

సాఫ్ట్‌వేర్‌కి చప్పుడు చేసే తాకత్తే లేదు. వాల్యూమ్ గీత ఎంత పైకి జరిపినా కంప్యూటర్ నుంచి వైరులోకి వచ్చేది వోల్టుకి కాస్త అటూ ఇటూ. దాన్ని వేల వాట్లు చేసేది ఆంప్లిఫయర్, ఆ నాబ్ తిప్పమని చెప్పేది దూల్హా మామూ. 2000 సంవత్సరపు శబ్ద కాలుష్య నిబంధనల ప్రకారం జనం కాపురముండే చోట పగలు 55 డెసిబెల్స్, రాత్రి 45, అంతే. రాత్రి పది నుంచి ఉదయం ఆరు దాకా బయట లౌడ్‌స్పీకరే వద్దు. ఆ కానూన్ ఉందని మనకి తెలుసు. మన షాదీ రోజున మాత్రం తెలియదు. 2024 అక్టోబర్‌లో హైదరాబాద్ పోలీసులు మత ఊరేగింపుల్లో డీజే సౌండ్ సిస్టమ్‌లు బంద్ చేశారు. అంతకు ముందు మిలాద్ జులూస్‌లో ఈ డీజే ఏంటని మనవాళ్లే బాధపడ్డారు. ఆ ఫైసలా నాకు ఖుషీనే. ముసలివాళ్ల గుండెలు, పసిపిల్లల చెవులు, పరీక్షలకి చదువుకునే పిల్లలు, వీళ్ల హక్ ముందు నా తమ్ముడి షౌక్ పెద్దది కాదు. నాకు తక్లీఫ్ కలిగించేది ఆ రోజు నుంచి మొహల్లాలో వినబడుతున్న మాట. "డీజే పిల్లలంతా ఆవారాలు." బాక్సులు కిరాయికి తెచ్చినవాళ్లు షరీఫ్‌లు, వైరు పట్టుకున్నవాడు ఆవారా.

సింక్ బటన్ మీద కోపం పెట్టుకోవడం కూడా చాదస్తమే అనేవాళ్లున్నారు. లెక్క యంత్రం చేస్తే డీజేకి పాటలు ఎంచుకునే ఫుర్సత్ దొరుకుతుందని వాళ్ల వాదన. పెద్ద పెద్ద డీజేలే అంటున్నారు. నిజమే, ఎంచుకోవడం తెలిసినవాడికి దొరుకుతుంది. కాలిక్యులేటర్ ఎక్కం వచ్చినవాడి చేతిలో ఒకటి, రానివాడి చేతిలో ఒకటి.

మళ్లీ ఆ వలీమాకి వస్తాను. లేడీస్ వైపు, జెంట్స్ వైపు మధ్య తెర. మేం లేచి చేతులు కడుక్కునే చోట తమ్ముడు కనిపించాడు. బయట డీజే కుర్రాడు పాతకాలం పాట ఒకటి ఎత్తుకున్నాడు, పెద్దవాళ్ల కోసం కాబోలు. ముందు పాట మీద దాన్ని కలపగానే గందరగోళం, గిన్నెలు దొర్లాయి. ఎవరూ పట్టించుకోలేదు, ఆ చప్పుడులో ఏం తెలుస్తుంది. తమ్ముడు మాత్రం కుళాయి కింద చెయ్యి ఉంచి ఆగిపోయాడు. "సగం దెబ్బ వెనక ఉంది" అన్నాడు. నాతో కాదు, తనతోనే. ఇరవై ఏళ్లయ్యింది.

ఆ రాత్రి ఇంటికొచ్చి మా అబ్బాయి ల్యాప్‌టాప్‌లో మిక్స్ అనే సాఫ్ట్‌వేర్ దించాను. 2001లో కోపెన్‌హాగన్‌లో ఒక పరిశోధక విద్యార్థి మొదలుపెట్టిన పని అది. డీజే చేతులు, చెవులు ఎలా పనిచేస్తాయో తెలుసుకుందామని రాసుకున్న ప్రోగ్రామ్‌ని దునియాకి ముఫ్త్‌గా వదిలేశారు. ఇప్పటికీ ముఫ్తే, నకలు సీడీ గుణా ఉండదు. మన ఇళ్లలో ఆ షౌక్ ఉన్న పిల్లలుంటే ఎక్కించి ఇవ్వండి, ఒక హెడ్‌ఫోన్ కొనివ్వండి. బాక్సులు కొనొద్దు.

ఇతవార్ నాడు తమ్ముడిని దావత్‌కి పిలిచాను. అమ్మీ పెట్టెలో చీరల కింద ఆ లాంగ్ నోట్‌బుక్ ఇంకా ఉంది, తెచ్చి పెట్టాను. వాడు చాలాసేపు అట్టనే చూశాడు. తర్వాత మా అబ్బాయి అందులో ఉన్న పాట ఒకటి వెతికి సాఫ్ట్‌వేర్‌లో వేశాడు. తెర మీద 152 అని వచ్చింది. నోట్‌బుక్‌లో 76 అని ఉంది. "మామూ, నీది తప్పు" అన్నాడు వాడు. తమ్ముడు నవ్వి, వాడి చెయ్యి పట్టుకొని బల్ల మీద దెబ్బలు లెక్కపెట్టించాడు. పదిహేను సెకన్లలో పంతొమ్మిది.

తర్వాత షాపు బ్యాగులోంచి తెల్ల టేపు తీశాడు, మొబైల్ స్క్రీన్లు అతికించేటప్పుడు వాడేది. గోరంత ముక్క చించి, ల్యాప్‌టాప్ తెర మీద సింక్ అని రాసి ఉన్నచోట అంటించాడు. మా అబ్బాయి, "స్క్రీన్ పాడవుతుంది మామూ" అని మొత్తుకున్నాడు. టేపు ఇంకా అక్కడే ఉంది.